చిలకకు జబ్బు కంటే ముందు బెదురు వస్తుంది

పొద్దున ఆరున్నరకు పంజరం మీద కప్పిన గుడ్డ తీస్తాను. తీయగానే మా చిట్టి తల ఊపి ఈల వేస్తుంది గానీ, నేను ముందు చూసేది దాన్ని కాదు, అడుగున పరిచిన పేపరును. రెట్టలో మూడు భాగాలుంటాయి. ముదురాకుపచ్చగా చుట్టుకున్న మలం, దాని మీద సున్నం చుక్కలాంటి తెలుపు, చుట్టూ కొంచెం తడి. ఈ మూడూ మామూలుగా ఉంటే రాత్రి నిమ్మళంగా గడిచిందని అర్థం. నీళ్లనీళ్లగా ఉంటే రాత్రి దేనికో బెదిరి ఉండొచ్చు. ఒక పూటలో సర్దుకుంటే పర్వాలేదు. రోజంతా అట్లాగే ఉన్నా, ఆ తెలుపు పసుపుకో పచ్చకో తిరిగినా ఇక ఇంట్లో ఆలోచిస్తూ కూర్చోకూడదు, డాక్టరు దగ్గరికి పోవాల్సిందే.

నేను తిరుపతి బైరాగిపట్టెడలో ఇంట్లోనే మిషను పెట్టుకుని జాకెట్లు కుడతాను. చిట్టి ఆడ కాకటీల్. ఆస్ట్రేలియా పక్షి, చిలక జాతిదే. తల మీద కుచ్చు, బుగ్గల మీద నారింజ మచ్చలు. కొలతలివ్వడానికి వచ్చే ఆడవాళ్లలో కొందరి ఇళ్లల్లో కూడా పక్షులున్నాయి. "అక్కా, మాది ఈకలు పీక్కుంటా ఉండాది, ఏం మందు పొయ్యల్ల?" అని అడుగుతుంటారు. మందు కంటే ముందు అడగాల్సిన సంగతులు చాలా ఉన్నాయి. వాళ్లకు చెప్పేవే ఇక్కడ రాస్తున్నాను.

చిట్టి కంటే ముందు మాకు గౌరి అనే పక్షి ఉండేది. 2018లో వినాయక చవితికి ముందు ఇంటికి రంగులు వేయించాం. పంజరాన్ని పడసాలలోంచి వరండాలోకి మార్చి, రంగు వాసన పోకముందే మళ్లీ లోపలికి తెచ్చాం. ఒంటరిగా ఉంది పాపం అని సంతలో ఒక జత లవ్‌బర్డ్స్ కొని, ఆరోజే దాని పక్కన పెట్టాం. వీధి మొదట్లో పందిరి, తొమ్మిది రోజులు మైకు. ఊరి నుంచి వచ్చిన ఆడబిడ్డ పిల్లలు ముచ్చటపడి పంజరంలో చేతులు పెట్టేవాళ్లు. ఒక్కోటి చూస్తే చిన్న విషయమే. అన్నీ ఇరవై రోజుల్లో దాని నెత్తిన పడ్డాయి. ఇరవై ఒకటో రోజు గౌరి ఈకలు ఉబ్బించుకుని, కళ్లు సగం మూసి, పంజరం అడుగున కూర్చుంది. దగ్గర్లో తెలిసిన చోటికి తీసుకెళ్తే అరుగుదల లేదన్నారు, నీళ్లలో కలపమని ఏవో చుక్కలిచ్చారు. రెండో రాత్రి నా ఒళ్లోనే పోయింది.

తర్వాత పక్షులను చూసే ఒక డాక్టరమ్మ దగ్గర ఇదంతా చెప్పుకున్నాను. ఆమె ఒకటే అడిగింది. "ఆ నెలలో దానికి ఒక్కరోజైనా నిమ్మళంగా గడిచిందా అమ్మా?" గడవలేదు.

బెదిరితే ఒంట్లో ఏమవుతుందో ఆమే చెప్పింది. పక్షి భయపడగానే ఒంట్లో కార్టికోస్టెరోన్ అనే హార్మోను పెరుగుతుంది. పిల్లి లాంటి ఆపద నుంచి తప్పించుకుని తేరుకోవడానికి తోడ్పడేవాటిలో అదీ ఒకటి, అందుకని అది చెడ్డది కాదు. పిల్లి పోయాక తగ్గిపోవాలి. రోజుల తరబడి తగ్గకపోతే మాత్రం జబ్బులను ఎదిరించే శక్తి సన్నగిల్లుతుంది. కొన్ని చిలకల్లో క్లమీడియా సిట్టసై అనే సూక్ష్మజీవి పైకేమీ తెలియకుండా దాగి ఉంటుంది. పక్షి బలంగా ఉన్నంతకాలం అణిగి ఉండి, ప్రయాణమో, ఇరుకో, చోటు మార్పో, కొత్త పక్షుల రాకో దాన్ని కుంగదీసినప్పుడు రేగుతుంది, రెట్టలో బయటికొస్తుంది. ఆ జబ్బు పేరు సిట్టకోసిస్. ఎండిన రెట్ట దుమ్ము పీలిస్తే మనుషులకూ జ్వరం, పొడిదగ్గు, న్యుమోనియా రావచ్చు. అందుకే పేపరు మార్చేటప్పుడు ముందు నీళ్లు చిలకరించి తడిపి తీస్తాను, ముక్కుకు గుడ్డ కట్టుకుంటాను. ఇంట్లో ఎవరికైనా జ్వరం, దగ్గు పట్టుకుని వదలకపోతే, ఇంట్లో చిలక ఉందని మీ డాక్టరుకు మీరే చెప్పాలి. ఆయన అడిగేదాకా ఆగొద్దు.

ముందు ఏ చిలకో చూసుకోండి

మన ఊళ్లో చిలకంటే ముందు గుర్తొచ్చేది గోదాదేవి చేతిలోని చిలక. ఆ ప్రేమతోనే చాలామంది పచ్చటి రామచిలుకను పంజరంలో పెట్టుకుంటారు. దయచేసి ఆ పని చేయొద్దు. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం మన దేశపు చిలకలను పట్టడం, అమ్మడం, పెంచుకోవడం నేరం. చట్టం సంగతి అట్లా ఉంచినా, చెట్టు తొర్రలోంచి తీసి, సంచిలో కుక్కి తెచ్చిన పిల్లకు ఆ బెదురు ఎంత బాగా చూసుకున్నా పూర్తిగా పోదు. గాలివానకు కింద పడిన పిల్ల దొరికితే అటవీశాఖకు అప్పగించండి.

ఇళ్లల్లో పెంచుకోదగినవి పంజరాల్లోనే తరతరాలుగా పుట్టి పెరిగిన బడ్జీలు (చిన్న ఆస్ట్రేలియా చిలకలు), కాకటీళ్లు, లవ్‌బర్డ్స్ లాంటివి. ఆఫ్రికన్ గ్రే చిలక లాంటివాటిని ప్రభుత్వం వారి పరివేష్ పోర్టల్‌లో నమోదు చేయించాలి.

పంజరం ఎక్కడ పెట్టాలి

చిట్టి పంజరం పడసాల మూలన ఉంది. రెండు వైపులా గోడ, ముందు మేము. నాలుగు వైపులా ఖాళీగా, ఇంటి నడిమధ్య వేలాడదీస్తే ఎటునుంచి ఏమొస్తుందోనని పక్షి తల తిప్పుతూనే ఉంటుంది. ఎత్తు మన ఛాతీకీ కళ్లకూ మధ్యలో ఉంటే చాలు. నేల మీద పెడితే వచ్చిపోయే ప్రతివాళ్లూ దాని మీదికి వంగినట్టే ఉంటుంది, అది దానికి గద్ద నీడ.

కిటికీ విషయంలో నేను చేసిన తప్పు చెబుతాను. వెలుతురు బాగుంటుందని మొదట్లో పంజరాన్ని కిటికీకి ఆనించి పెట్టాను. మాకు కొండ దగ్గర కదా, కోతులు గుంపుగా మిద్దెల మీదికి వస్తాయి. ఒకరోజు మధ్యాహ్నం మిషను తొక్కుతున్నా, చిట్టి అరుపు ఆగిపోయింది. ఊరికే ఆగడం కాదు, గొంతు పట్టేసినట్టు. తలెత్తి చూస్తే కుచ్చు నిటారుగా లేచి ఉంది, ఒళ్లంతా సన్నబడి బెండకాయంత అయింది, రెప్ప వేయడం లేదు. కిటికీ ఊచ అవతల కోతి చెయ్యి ఉంది. కోతి పోయి గంటైనా చిట్టి అక్కడి నుంచి కదల్లేదు, గింజ ముట్టలేదు. ఆరోజే పంజరం మూలకు మారింది. కిటికీ ఇప్పుడు రెండు బారల దూరంలో ఉంది. వెలుతురు వస్తుంది, కోతి కనబడదు.

కుచ్చు చూడటం నేర్చుకుంటే కాకటీల్ మనసు తెలుస్తుంది. నిటారుగా ఉంటే ఉలికిపాటు, తలకు అతుక్కుపోయి బుసకొడితే కోపంతో కలిసిన భయం, కాస్త వెనక్కి వాలి ఉంటే నిమ్మళం. రాత్రి పడుకోబోయే ముందు ముక్కు పైభాగాన్ని కింది భాగంతో గరగరా నూరుకుంటుంది. కొందరు అది జబ్బేమో అని కంగారుపడతారు. కాదు, కడుపు నిండి హాయిగా ఉందని. ఆ చప్పుడు వినకుండా నాకూ నిద్ర పట్టదు.

పంజరం గుండ్రంగా, ఎత్తుగా కాకుండా అడ్డంగా వెడల్పుగా ఉండాలి. రెక్కలు రెండూ పూర్తిగా చాపినా ఊచలు తగలకూడదు. అంగడివాళ్లు ఇచ్చే నున్నటి కడ్డీలు తీసేసి జామ కొమ్మలో వేపకొమ్మలో కడగి, ఎండబెట్టి కట్టండి. ఒకటి లావు, ఒకటి సన్నం. ఒకే మందం కడ్డీ మీద ఏళ్ల తరబడి నిలబడితే అరికాళ్లు కాయలు కాసి పుండ్లు పడతాయి.

నిద్ర

జనం అన్నిటికంటే తక్కువ పట్టించుకునేది ఇదే. చిలకకు పది నుంచి పన్నెండు గంటల చీకటి, నిశ్శబ్దం కావాలి. మనం పదకొండు దాకా సీరియళ్లు చూస్తూ దాన్ని పక్కనే పెట్టుకుంటే, మళ్లీ ఐదింటికి సుప్రభాతం పెడితే, దానికి దొరికేది ఆరు గంటలే. నిద్ర చాలని చిలక చిరాకుగా కరుస్తుంది, ఊరికే అరుస్తుంది, ఈకలు పీక్కుంటుంది. ఆడపక్షికి ఇంకో ఇబ్బంది కూడా ఉంది. వెలుతురు ఎక్కువ గంటలుంటే గుడ్ల కాలం వచ్చిందనుకుని మగపక్షి లేకపోయినా గుడ్ల మీద గుడ్లు పెడుతుంది. ఒంట్లో కాల్షియం కరిగిపోయి గుడ్డు లోపలే ఇరుక్కుంటే ప్రాణాలకే ప్రమాదం. పంజరంలో సముద్రపు నురుగు (కటిల్‌ఫిష్ ఎముక) ముక్క ఒకటి ఎప్పుడూ కట్టి ఉంచండి, కాల్షియం అందుతుంది.

మా ఇంట్లో రాత్రి ఏడింటికి చిట్టిని లోపలి గదిలోకి మారుస్తాను. మూడు వైపులా నూలు గుడ్డ, ముందువైపు గాలికి ఖాళీ. చిన్న జీరో బల్బు వెలుగుతూనే ఉంటుంది. కాకటీళ్లు కటిక చీకట్లో ఏ చప్పుడుకో ఉలిక్కిపడి పంజరమంతా గుడ్డిగా కొట్టుకుంటాయి. ఒకసారి రాత్రి రెండింటికి గోడ మీద బల్లి పరుగెత్తినందుకు చిట్టి అట్లాగే కొట్టుకుని, కొత్తగా మొలుస్తున్న రెక్క ఈక విరగ్గొట్టుకుంది. మొలిచే ఈక లోపల రక్తం ఉంటుంది, అందుకని కారింది. అట్లాంటప్పుడు లైటు వేసి, దూరం నుంచే పేరు పెట్టి పిలుస్తూ మాట్లాడండి. కొట్టుకోవడం ఆగాక చెయ్యి పెట్టి, రక్తం కారేచోట కార్న్‌ఫ్లోర్ అద్ది మెత్తగా నొక్కి పట్టండి. ఆగకపోతే రాత్రయినా సరే డాక్టరుకు ఫోన్ చేయాల్సిందే.

పండగలు, ఎండలు, పొగ

తిరుపతిలో ఉండి చప్పుడు లేకుండా బతకడం కుదిరే పని కాదు. మే నెలలో గంగమ్మ జాతర డప్పులు, తర్వాత చవితి మైకులు, ఆపైన దీపావళి టపాసులు. పండగను ఆపలేం, పక్షిని సిద్ధం చేయగలం. దీపావళికి వారం ముందు నుంచే చిట్టిని సాయంత్రాలు లోపలి గదిలో ఉంచడం మొదలుపెడతా, ఆ గది దానికి అలవాటవుతుంది. ఆ రాత్రి కిటికీలు మూసి, తలుపు కింది సందులో తడిగుడ్డ దూర్చి పొగ రాకుండా చేస్తా. ఫ్యాను తిప్పుతా, ఆ ఒకే తీరు హోరు బయటి చప్పుళ్లను కొంత మింగేస్తుంది. నేనూ అక్కడే కూర్చుని జాకెట్లకు హుక్కులు కుడతా. ఇంటివాళ్లలో ఒకరు మామూలుగా పనిచేసుకుంటూ కనబడితే పక్షికి చాలా ధైర్యం. ఆ వారంలో తిండి మార్చను, స్నానం చేయించను, కొత్త బొమ్మ పెట్టను.

ఎండల్లో నలభై డిగ్రీలు దాటే ఊరు మనది. పక్షికి చెమట పట్టదు. నోరు తెరిచి రొప్పుతూ, రెక్కలను ఒంటికి ఎడంగా పెట్టుకుంటే వేడి తట్టుకోలేకపోతోందని అర్థం. వెంటనే చల్లటి గదికి మార్చి, కాళ్ల మీద, రెక్కల మీద సన్నగా నీళ్లు చిలకరించండి. ఐసు నీళ్లు వద్దు. తాగే నీళ్లు ఎండాకాలం మూడుసార్లు మారుస్తాను. కూలర్ గాలి నేరుగా తగలనివ్వొద్దు. కూలర్ గడ్డికి బూజు పడితే ఆ గాలిలో బూజు కణాలు ఉంటాయి. కుంగిపోయిన పక్షి ఊపిరితిత్తుల్లో అవి పెరిగితే ఆస్పర్‌జిల్లోసిస్ అనే జబ్బు, నయం కావడం చాలా కష్టం. ఇంకొకటి, పక్షిని బయటికి వదిలినప్పుడు సీలింగ్ ఫ్యాను ఆపి, ఫ్యాను రెక్కలు పూర్తిగా నిలిచాయో లేదో చూడండి.

పొగ విషయంలో నేను చాలా కచ్చితం. చిలకకు ఊపిరితిత్తులతో పాటు ఒళ్లంతా గాలి సంచులుంటాయి. మనకు కాస్త గొంతు గరగరమనే పొగ దానికి పెద్ద దెబ్బ. శుక్రవారం సాంబ్రాణి నేనూ వేస్తాను, కానీ చిట్టిని మిద్దె మీది గదిలో పెట్టి, తలుపు వేసి వచ్చాక. దోమల చక్రం మా ఇంట్లో మానేశాం, దోమతెరే. ఎండుమిరపకాయల తిరగమాత ఘాటు, నాన్‌స్టిక్ పెనం మాడిన పొగ రెండూ ప్రమాదమే. అందులో రెండోది మరీను. ఖాళీ పెనం బాగా కాగితే దాని పూత నుంచి వచ్చే ఆవిరికి పక్షులు నిమిషాల్లో చనిపోతాయి, మనకు వాసన కూడా తెలియకపోవచ్చు. మా ఇంట్లో ఇనుప పెనమే.

తిండి

పొద్దుతిరుగుడు గింజలు ఇష్టంగా తింటుందని గిన్నె నిండా అవే పోస్తుంటారు. వాటిలో కొవ్వు ఎక్కువ, విటమిన్ ఎ దాదాపు లేదు. ఆ విటమిన్ తగ్గితే ముక్కు, గొంతు లోపలి పొర దెబ్బతిని సూక్ష్మజీవులకు దారి దొరుకుతుంది. బెదురుతో శక్తి తగ్గిన పక్షికి ఇది తోడైతే చెప్పేదేముంది. కొర్రలు, సజ్జలు, వరిగలు రోజూ పెట్టండి. మునగాకు, కొత్తిమీర, క్యారెట్ తురుము, గుమ్మడి, ఉడికించిన గెనుసుగడ్డ ఏదో ఒకటి తప్పకుండా ఉండాలి. మామిడి కాలంలో తోతాపురి ముక్క చిన్నది పెడతాను. చిలక ముక్కులా వంపు తిరిగిన ఆ కాయను చిట్టి కాలితో పట్టుకోబోయి జారవిడుచుకుంటుంటే మా యింటాయన పని మానుకుని చూస్తారు.

చెనిక్కాయల దగ్గర జాగ్రత్త. మన చిత్తూరు నేల పంటే, ఇంట్లో బస్తాలుంటాయి, రెండు గింజలు వేస్తే ఏమవుతుందనిపిస్తుంది. తడి తగిలిన చెనిక్కాయలో బూజు పట్టి అఫ్లాటాక్సిన్ అనే విషం తయారవుతుంది, అది పక్షి కాలేయాన్ని తినేస్తుంది. వేయించినా ఆ విషం పూర్తిగా పోదు. ముడుచుకున్నవి, రంగు మారినవి, చేదుగా ఉన్నవి అసలు వద్దు. నేనైతే చిట్టికి చెనిక్కాయలే పెట్టను. అవకాడో, చాక్లెట్, కాఫీ, ఎర్రగడ్డలు (ఉల్లిపాయలు), ఉప్పు వేసిన చిరుతిళ్లు కూడా పెట్టకూడదు.

తిండి మార్చాలంటే వారాల తరబడి కొద్దికొద్దిగా మార్చాలి. పాతది ఒక్కసారిగా తీసేస్తే కొత్తదాన్ని తిండిగా గుర్తించక పస్తుంటుంది. కొంత తిండిని మాత్రం వెతుక్కుని తినేలా పెట్టండి. అడవిలో చిలక రోజులో ఎక్కువ భాగం మేతకే తిరుగుతుంది. గిన్నెలో పోసిస్తే పది నిమిషాల్లో తినేసి మిగతా రోజంతా ఏం చేస్తుంది, ఈకలు పీక్కుంటుంది. నేను మొక్కజొన్న పొత్తు ఆకుల్లో కొర్రలు చుట్టి, నూలు పేలికతో ముడివేసి వేలాడదీస్తా. దారంతో కట్టను, కాలికి చుట్టుకుంటుంది. చిట్టి దాన్ని చించడానికి ఒక జాకెట్ కుట్టేంత సేపు పడుతుంది.

ఒకసారికి ఒకటే మార్పు

గౌరి పోయాక నేను పెట్టుకున్న నియమం ఇది. కొలతల పుస్తకం చివరి పేజీల్లో చిట్టి లెక్కలు రాస్తాను. పంజరం చోటు మారితే ఆ తేదీ, చుట్టాలు వస్తే ఆ తేదీ, కొత్త కొమ్మ కడితే ఆ తేదీ. ఒక మార్పు జరిగాక పది రోజులు ఇంకోటి జరగనివ్వను, నా చేతిలో ఉన్నంతవరకు. రోజూ పొద్దున తిండికి ముందు గ్రాముల త్రాసు మీద తూకం. చిట్టి 92 గ్రాములు. ఒకటి రెండు గ్రాములు అటూఇటూ అవుతుంది. 87కి వస్తే ఆ వారం ఏం జరిగిందో పుస్తకంలో వెనక్కి చూస్తాను. పదో వంతు తగ్గితే, అంటే 83 దగ్గరికి వస్తే, ఇక చూసేదేం లేదు, డాక్టరు దగ్గరికే. చిలక జబ్బును దాచిపెడుతుంది. నీరసంగా కనబడితే గద్ద ఎత్తుకుపోతుందని దాని రక్తంలోనే ఉంది. ఈకల కింద ఒళ్లు ఎండిపోయినా పైకి బొద్దుగానే కనిపిస్తుంది, త్రాసుకే తెలుస్తుంది.

కొత్త పక్షిని తెస్తే కనీసం నెల, కుదిరితే నలభై ఐదు రోజులు, వేరే గదిలో. వేరే గిన్నెలు. పాతదానికి ముందు తిండి పెట్టి, తర్వాత కొత్తదాని దగ్గరికి పోయి, చేతులు సబ్బుతో కడుక్కోవాలి. ఇది కొత్తదాని జబ్బు పాతదానికి అంటకుండానే కాదు, ప్రయాణం చేసి వచ్చిన కొత్తది తేరుకోవడానికి కూడా.

పిల్లలకు ఒకటే మాట చెప్పాను: చెయ్యి పక్షి మీదికి పైనుంచి రాకూడదు. పొట్ట దగ్గరికి, పక్కనుంచి, వేలు అడ్డంగా పెట్టి "రా" అనాలి. ఎక్కకపోతే చెయ్యి తీసేయాలి. రానని చెప్పే వీలున్న పక్షి కరవాల్సిన పని ఉండదు.

ఇవన్నీ చేసినా జబ్బు రావచ్చు. ఈకలు పీక్కోవడమంతా దిగులే అనుకోవద్దు, లోపల వేరే జబ్బు ఉండి ఉండొచ్చు. ఊపిరి తీసేటప్పుడు తోక పైకీ కిందికీ ఊగడం, ఒక పూటకు మించి తినకపోవడం, అడుగున కూర్చోవడం, ముక్కు కారడం, వీటిలో ఏది కనబడినా ఆగొద్దు. అంగడిలో అడిగి యాంటీబయాటిక్ పొడి నీళ్లలో కలపొద్దు. ఎంత తాగిందో తెలియదు, ఏ జబ్బో తెలియదు. మన ఊళ్లో పశువైద్య విశ్వవిద్యాలయమే ఉంది. పక్షులను చూసే డాక్టరు ఎవరో, ఏ వేళకు ఉంటారో జబ్బు రాకముందే కనుక్కుని నంబరు పంజరానికి కట్టి పెట్టుకోండి.

ఆ ప్రయాణమూ బెదురే కాబట్టి, దానికీ ముందే అలవాటు చేయాలి. చిన్న మోత పంజరాన్ని మిషను పక్కన తలుపు తీసి ఎప్పుడూ ఉంచుతాను. లోపల ఒక జామ కొమ్మ, గిన్నెలో కాసిని కొర్రలు. మొదటి రెండు వారాలు చిట్టి దాని చాయలకే రాలేదు. మూడో వారం పైకెక్కి కూర్చుంది. నెల దాటాక ఒక మధ్యాహ్నం తనంతట తానే లోపలికి పోయింది, కొర్రలు తింది, ఒంటికాలి మీద నిలబడి కునుకు తీసింది. తలుపు వేయలేదు. ఆ తర్వాత వారానికి ఒక రోజు రెండు నిమిషాలు తలుపు వేసి, ఇంట్లోనే ఎత్తుకుని తిరిగి, మళ్లీ తీసేదాన్ని. పోయిన నెల తూకం తగ్గి డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్లినప్పుడు ఆటోలో దారంతా చూశాను. కుచ్చు ఒక్కసారే నిటారుగా లేచింది, బస్టాండు దగ్గర హారన్‌కు.